మూలలు ముందు తొక్కేవాడు

మూలలు ముందు తొక్కాలి. మూలలు బిగిస్తే నడుమ అదే బిగుస్తుంది. ఈ మాట నేర్పిన బావనే ఈ పూట చంపబోతున్నాడు శాంతయ్య. కాయ నింపే పెద్ద గోనె బోరెంలో చంకల దాకా మునిగి, తలగుడ్డ చెంగు కళ్ళ కిందికి బిగించి కట్టుకుని, పైనున్న అడ్డకర్రను రెండు చేతులా పట్టుకుని, కుడి మడమ ఒక మూల, ఎడమ మడమ ఒక మూల, మంచుకు మెత్తబడ్డ ఎండుమిరపకాయల్ని తొక్కుతున్నాడు. మంచు పడ్డ కాయను తెల్లారగట్ల తొక్కితేనే చిట్లకుండా అణుగుతుంది, ఎండెక్కిందా గలగలలాడి పొడైపోతుంది. అందుకే నందిగామ రోడ్డు పక్క బసవయ్యగారి కల్లంలో తూర్పు ఎర్రబడక ముందే పని మొదలవుతుంది. ఈ బోరెం నిండేసరికి పొద్దు బారెడెక్కుతుంది. నిండాక మూతి కుట్టటానికి మేస్త్రి వస్తాడు. ఆ మేస్త్రి ఆశీర్వాదం. శాంతయ్య భార్య జయమణికి తోడబుట్టిన అన్న. శాంతయ్యకు ఉరిశిక్ష పడేలా సాక్ష్యం చెప్పినవాడు. మూతి కుట్టేవాడు వంగాలి, వంగితే మెడ వెనక నరం తేలుతుంది. శాంతయ్య మొలలో, పంచె మడతలో, గోతాలు కుట్టే జానెడు దబ్బనం ఉంది. దాని మొన కాలవగట్టు నాపరాయి మీద నూరి నూరి వెంట్రుకంత చేశాడు.

పైకి చూస్తే అడ్డకర్ర, దానికి రెండు వైపులా గుంజలు, గుంజలకు బోరెం మూతిని లాగి కట్టిన పగ్గాలు. ఎవరు చూసినా మిరపకల్లంలో మామూలు సరంజామా. శాంతయ్య కంటికి మాత్రం అది వేరే కొయ్య. ఆ పెద్ద జైల్లో అతని కొట్టు గోడకు అవతలే ఉరికొయ్య ఉండేది. కంటికి కనపడేది కాదు, చెవికి తెలిసేది. ఎవరినైనా ఉరి తీసే ముందు ఆ మనిషి బరువుకు సరిపడా బస్తాలో ఇసక పోసి, తాడుకు కట్టి, వదిలి చూసేవాళ్ళు. చెక్క తెరుచుకున్న చప్పుడు, ఆ వెంటనే దబ్బున బస్తా ఆగిన చప్పుడు. మనిషికంటే ముందు బస్తా చచ్చేది. పక్క కొట్లో ముసలాయన ఆ చప్పుడు విని, "నా బస్తా కాదురా అబ్బాయ్, నీదీ కాదు, ఇంకెవడిదో" అని నవ్వేవాడు. ఒకనాడు ఆయనదే అయింది. ఆ వేళప్పుడు కూడా ఇలాగే తూర్పు బూడిదరంగులో ఉంది, ఇలాగే ఎక్కడో కోడి కూసింది. కిందికి పడే బస్తాను తప్పించుకొచ్చి పైకి లేచే బస్తాలో దూరాడు శాంతయ్య. అవును, ఇది పైకి లేపుతుంది. గంపతో కాయ పోసినకొద్దీ, తొక్కినకొద్దీ, మనిషి లేస్తాడు. మొదట తలా భుజాలే కనపడతాయి, తర్వాత మొల, మోకాళ్ళు, చివరికి బోరెం నెత్తి మీద కల్లంలో అందరికంటే ఎత్తున నాలుగు దిక్కులకూ కనపడేలా నిలబడతాడు. పైకి వచ్చేలోగా ఎవరూ పోల్చకూడదు. వచ్చాక పోలిస్తే పోల్చుకోనీ, అప్పటికి పని అయిపోతుంది.

కొట్టులోంచి అతణ్ణి బయటికి తెచ్చింది మనుషులు కాదు, గాలివాన. పగలో రాత్రో తెలియకుండా కురిసి కురిసి, తాటిచెట్లు మెడలు విరుచుకుని పడుతుంటే, పాతకాలపు గోడ నానిపోయి, నడవలేని ముసలిదానిలా ఉన్నచోటే కూలబడింది. శాంతయ్య ఇటుకల మీదుగా నడిచి వచ్చేశాడు. పరిగెత్తను కూడా లేదు. పరిగెత్తాలన్న సంగతి మనసుకు తోచటానికి చాలా దూరం పట్టింది. ఆ తర్వాత ఎన్ని లంకలు, ఎన్ని పొగాకు కొట్టాలు, ఎన్ని అబద్ధపు పేర్లు. చివరికి జగ్గయ్యపేట పైన సాగరు కాలవ తవ్వే చోట తట్ట నెత్తికెత్తుకున్నాడు. అక్కడ పేరు అడిగేవాడు లేడు, మన్ను మోయగలవా లేదా, అంతే. అక్కడ ఖమ్మం వైపు రత్తయ్య అయ్యాడు. గట్టు మీద నిలబడితే దూరంగా రోడ్డు పొడుగునా మిరపకల్లాలు ఎర్రగా కనపడేవి, నేల తోలు ఒలిచి ఆరబెట్టినట్టు. ఆ ఎరుపులో ఎక్కడో బావ తిరుగుతున్నాడనుకుంటే నెత్తి మీద తట్ట బరువు తెలిసేది కాదు. మొన్న పోలీసులు గుడారాల దగ్గరికి వచ్చి కూలీల్ని వరసగా నిలబెట్టి ఒక్కొక్కడి గడ్డం ఎత్తి చూశారు. శాంతయ్య ఆ వేళకు కాలవ అడుగున ఉండి బతికాడు. దొరికిపోతానన్న భయం కాదు అతనికి. తను దొరికితే బావ దక్కడన్న భయం. మొహం దాచుకోవాల్సినవాడికి మిరపకల్లాన్ని మించిన చోటు ఏముంది? ఘాటుకు అందరూ ముక్కూ నోరూ కట్టుకునే ఉంటారు. మనుషులు చాలక అల్లాడుతున్న పాలేరు నిన్న సందెవేళ మొహం కూడా చూడకుండా రమ్మన్నాడు. కాళ్ళకు ఆముదం పూసుకుని దిగాడు. అయినా మంట పిక్కల్లోకి ఎక్కుతూనే ఉంది. ఎక్కనీ. ఈ మంట ఇప్పటిది కాదు.

"ఏం రత్తయ్యన్నా!" పక్క బోరెంలోంచి అల్లాబక్షు కేకేశాడు. "మీ ఖమ్మం వైపు ఇట్టానే తొక్కుతారా ఏంది, కొత్త పెళ్ళికూతురు ముగ్గు మీద నడిచినట్టు? మా వత్సవాయిలో దున్నపోతు కూడా ఇంతకన్నా జోరుగా తొక్కుద్ది."

శాంతయ్య "ఊఁ" అని ఊరుకున్నాడు. గొంతు విప్పకూడదు. తెల్లబారిన తాలుకాయ ఏరుతున్న ఆడవాళ్ళ వరసలో లూర్దమ్మ ఉంది. తన పల్లె మనిషి.

"నీ జోరు చూశాంలే అల్లాబక్షు," అంది లూర్దమ్మ, గుడ్డ చాటు నుంచే. "నువ్వు తొక్కిన బోరాలు బండెక్కేసరికే బాలింతరాలి పొట్టల్లే జారిపోతన్నాయి. ఆ కొత్తాయన్ని చూసి నేర్చుకో. మూలలు పట్టి తొక్కుతున్నాడు."

"అయితే నువ్వే వచ్చి దిగరాదా అత్తా? మూలలు నువ్వు తొక్కు, నడుమ నేను తొక్కుతా."

"నీ నోట్లో నా చేతి మిరపకాయ పెట్ట! నీ పెళ్ళాం సర్దార్‌బీతో చెప్పి నీకు కూడు మాన్పిస్తా ఉండు."

"అది చెప్పేదేముంది, నిన్నటి నించే మానేసింది."

ఆడవాళ్ళు నవ్వారు, నవ్వుతూ దగ్గారు, దగ్గుతూ మళ్ళీ నవ్వారు. శాంతయ్య కాళ్ళు ఒక్క క్షణం ఆగాయి. మూలలు పట్టి తొక్కుతున్నాడని కనిపెట్టింది ముసలిది. నడుమ తొక్కబోయాడు. కాలు మాట వినలేదు. మళ్ళీ మూలకే పోయింది. చిన్నప్పుడు నేర్చింది మనిషి మరిచిపోయినా మడమ మరిచిపోదు. మీసం రాని వయసులో తనను ఎత్తి బోరెంలో దించి, పైనుంచి వంగి, "మూల, మూల, శాంతయ్యా, మూల వదిలితే బోరెం నిలబడదు, మనిషీ అంతే" అని నవ్విన ఆశీర్వాదం. అప్పటికింకా బావ కాదు. అలాంటి మనిషికి చెల్లెలుంటే చేసుకోవాలనిపించి జయమణిని చేసుకున్నాడు. ఊళ్ళోవాళ్ళు పిల్లను చూసి చేసుకుంటారు, వీడు పిల్ల అన్నను చూసి చేసుకున్నాడని పల్లెలో నవ్వేవాళ్ళు. ఆ నవ్వు ఇప్పుడు తలుచుకుంటే పళ్ళు కొరుకుతాడు.

లూర్దమ్మ గొంతు వింటే మచ్చల కోడిపెట్ట గుర్తుకొస్తుంది. ఎప్పటి మాట. పల్లెలో మట్టిగోడల గుడి, గుళ్ళో నల్లతోలు అట్ట వేసిన దేవుని పుస్తకం. పల్లెకు కోర్టూ కచేరీ అన్నీ అదే. గట్టు తగాదా వచ్చినా, గొర్రెపిల్ల తప్పిపోయినా, ఆ పుస్తకం తెచ్చి పీట మీద పెట్టేవాళ్ళు. చెయ్యి వేసి చెప్పినవాడి మాట చెల్లినట్టే. దాని మీద అబద్ధం ఆడినవాడు పల్లె పుట్టాక పుట్టలేదు. ఎదురింటి కోడిపెట్టను తనదేనని లూర్దమ్మ నాలుగు వీధులూ వినేలా అరిచింది. అప్పుడు ఆశీర్వాదం సంఘ పెద్ద, ఆదివారం వాక్యం చదివేది అతనే. పుస్తకం తెచ్చి పెట్టాడు. లూర్దమ్మ చెయ్యి ఎత్తింది. చెయ్యి దిగలేదు. పుస్తకానికి బెత్తెడు పైన గాలిలో ఆగిపోయింది. "ఈ ముండ చెయ్యి రావటంలా, దాని కోడి దాన్నే తీసుకుపొమ్మనండి" అని బావురుమంది. అందరూ నవ్వారు. శాంతయ్య నవ్వలేదు. ఆ చెయ్యి గాలిలో ఆగిపోవటం చూశాడు. కోడిపెట్టకే అంత భయపెట్టే పుస్తకం. ఒక మనిషి ప్రాణానికి ఎంత భయపడాలి?

అక్కడే దెబ్బ తిన్నాడు. బసవయ్యగారి తమ్ముడు మునేటి ఒడ్డున జొన్నచేలో తల పగిలి పడి ఉన్నాడు. అన్నదమ్ములకు పొలం పంపకాల దగ్గర పడదని, ఎవరు ఎవర్ని కొట్టి ఉంటారో వీధికుక్కలకు కూడా తెలుసునని ఊరంతా గుసగుస. కానీ ఆ రాత్రి చేలో మంచె మీద కావలి పడుకున్నది శాంతయ్య. ఎవడో ఒకడు కావాలి కనుక అతను దొరికాడు. భయపడలేదు. తను చేయలేదు, చూసినవాడు లేడు, ఏమవుతుంది? అప్పుడు చెప్పారు, చూసినవాడు ఉన్నాడని. మీ బావే. శాంతయ్యకు నవ్వొచ్చింది. బావ తన తరఫున చెప్పటానికి వస్తున్నాడనుకున్నాడు. జిల్లా కోర్టులో ప్రభుత్వం ఇచ్చిన వకీలు, పాపం చిన్నవాడే, ఆ సాక్షిని పట్టి లాగటానికి కాగితం నిండా ప్రశ్నలు రాసుకున్నాడు. శాంతయ్య ఆయన నల్లకోటు పట్టుకుని బతిమాలాడు. "అయ్యా, మీరేమీ అడగొద్దండి. మా గుళ్ళో పుస్తకం తెప్పించి దాని మీద చెయ్యి వేయించండి చాలు. ఆ పుస్తకం మీద మావాళ్ళ చెయ్యి అబద్ధానికి దిగదండి." వకీలు కాగితం కింద పెట్టాడు. "అంత నమ్మకమా?" అన్నాడు. "అంతేనండి" అన్నాడు శాంతయ్య, గర్వంగా కూడా. పల్లె నుంచి తెల్లగుడ్డలో చుట్టి పుస్తకం తెచ్చారు. బావ బోనెక్కాడు. చెయ్యి ఎత్తాడు. శాంతయ్య ఆ చేతి కిందున్న గాలినే చూస్తున్నాడు, ఎప్పుడు ఆగుతుందా అని. ఆగలేదు. పిల్లవాడి తల మీద పెట్టినట్టు మెత్తగా దిగింది. "చూశానండి. వెన్నెల పట్టపగల్లా ఉందండి. మా చెల్లెలి మొగుడేనండి." గొంతు తొణకలేదు. వకీలు లేచి, అడిగేదేమీ లేదని కూర్చున్నాడు. ఆ క్షణంలో శాంతయ్యకు కలిగిన అనుమానం ఎవరికీ చెప్పలేదు, చెప్పినా నమ్మరు. నిజంగా తనే చేశాడేమోననుకున్నాడు. నిద్రలో మంచె దిగి వెళ్ళి చేసి మళ్ళీ వచ్చి పడుకున్నాడేమో. పుస్తకం మీద చెయ్యి ఉంది కదా మరి. ఉరిశిక్ష అన్న మాట వినపడ్డాక గాని తెలివి రాలేదు.

గంప కాయ మళ్ళీ పడింది. మొల బయటికి వచ్చింది. మూల, మూల. బసవయ్య మీద ఇంత కసి లేదు అతనికి. పందిరి కింద మంచం మీద కూర్చుని బసవయ్య చుట్ట కాలుస్తున్నాడు, ఆ పొగ ఇక్కడికే వస్తోంది. పాము పాములాగే కరిచింది, దాన్ని తిట్టుకునేదేముంది? బావ మాత్రం పెట్టి పోషించిన చేత్తో పీక నొక్కాడు. కొట్టులో పడుకుని రోజూ ఆ చేతినే చంపేవాడు శాంతయ్య. ఒక్కో వేలూ విరిచేవాడు. సున్నపు బట్టీలో పెట్టేవాడు. మళ్ళీ పొద్దున్నే ఆ చెయ్యి చెక్కు చెదరకుండా పుస్తకం మీద ఉండేది. మనసులో చంపితే మనిషి చావడని అప్పుడు తెలిసింది. జయమణి జైలుకు వచ్చింది ఒకసారి. కటకటాల అవతల నిలబడి కొంగు నోట్లో కుక్కుకుంది. అదే ముక్కు, అదే గడ్డం, అన్నను చెక్కిన చేత్తోనే చెక్కాడు దేవుడు. శాంతయ్య గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. "ఒక్కసారి ఇటు చూడు" అంది. చూడలేదు. "మీ అన్న దగ్గరికే పో" అన్నాడు గోడతో. పోయినట్టే ఉంది. మేస్త్రి చెల్లెలు మేస్త్రి ముఠాలోనే కూలికి వస్తోందని కాలవ దగ్గర విన్నాడు. అన్న పెట్టే కూడు తింటోందన్నమాట. ఈ వరసలో ఎవరు జయమణి? అందరికీ కళ్ళొక్కటే కనపడుతున్నాయి. ఇటు పక్కామె పొట్టి. నల్లచీర ఆమె చేతులు పెద్దవి. చివరగా, అందరికీ ఎడంగా, అటు తిరిగి కూర్చున్న ఒక వీపు ఉంది. ఆ చేతులు కాయను పట్టి, తిప్పి, తాలు అయితే పక్కన పారేస్తున్నాయి, విసురుగా, ఆ కాయ ఏదో తప్పు చేసినట్టు. చెయ్యి కదిలినప్పుడల్లా గాజుల చప్పుడు. శాంతయ్య చూపు తిప్పుకున్నాడు. ఆమె సంగతి తర్వాత. ముందు మెడ.

"ఆ చివర కూర్చున్నామె ఎవరత్తా?" అల్లాబక్షుకు నోరు ఊరుకోదు. "వచ్చినకాడ నించి చూస్తన్నా, మాటా లేదు, నవ్వూ లేదు."

"మెల్లగా ఏడువు," లూర్దమ్మ గొంతు తగ్గించింది. తగ్గించినా కల్లం సగానికి వినపడే గొంతే అది. "మేస్త్రి చెల్లెలు. ఉరిశిక్ష పడి జైల్లోంచి పారిపోయాడే, మా శాంతయ్య, ఆడి పెళ్ళాం."

"మరి అన్న ముఠాలో పనికొస్తదేంది?"

"పనికి కాదురా ఆమె వచ్చేది. అన్న కళ్ళ ముందు ఉండటానికి వస్తది. ఆయన ఇంట్లో మంచినీళ్ళు ముట్టదు. ఆయనతో మాట్లాడితే ఒట్టు. గుళ్ళో ఏం చేసిందో తెలవదూ నీకు?"

"మా మసీదుకు రాలేదుగా ఆ కబురు, చెప్పు."

"కేసు అయిపోయాక ఆదివారం మేస్త్రి ఎప్పటికి మల్లే వాక్యం చదవబోయాడు. పుస్తకం మీద చెయ్యి పెట్టాడో లేదో, చాప మీద కూర్చున్న జయమణి లేచి నిలబడింది. ఏమీ అనలా. తిట్టలా, ఏడవలా. నిలబడింది, అంతే. ఆయన పుస్తకం మూసిందాకా నిలబడి, మూశాక కూర్చుంది. పై ఆదివారం మళ్ళీ. ఆ పై ఆదివారం మళ్ళీ. అయ్యగారు 'కూర్చో తల్లీ' అంటే 'పుస్తకం మూయనివ్వండయ్యగారూ, కూర్చుంటా' అంది. ఇంకేముంది, నాకూ కాళ్ళు ఆగలా, నేనూ లేచా. నేను కోడిపెట్ట కాడ చెయ్యి దించలేనిదాన్ని, ఆయన మనిషి కాడ దించాడు. తర్వాత ఆడోళ్ళందరం లేచాం. చదవటం మాన్పించి కృపారావుకిచ్చారు. మొన్న మేస్త్రి వాళ్ళమ్మ పుల్లమ్మ పోయింది. గోతి దగ్గర కన్నతల్లికి నాలుగు మాటలు చదువుకుందామని పుస్తకం తీశాడు. తల్లి కాళ్ళ దగ్గర కూర్చున్న పిల్ల, ఆ పిల్లకు మాత్రం తల్లి కాదూ, కళ్ళు తుడుచుకుని లేచింది. ఆయన చదవలా. పుస్తకం కృపారావు చేతిలో పెట్టి పక్కకు పోయి వాంతి చేసుకున్నాడు. ఇప్పుడు గుళ్ళోకే రాడు. గోడ అవతల చెప్పులు విడిచి కూర్చుని పాటలు వింటాడు, కుష్టువాడల్లే."

"మరి అంత పాపం ఎందుకు చేశాడంటావ్?"

లూర్దమ్మ పందిరి వైపు చూసింది. "నువ్వా, నీ చెల్లెలి మొగుడా, ఎవడో ఒకడు పోవాలన్నారంట పెద్దోళ్ళు. తను బతకాలనుకున్నాడు. బతికాడుగా. చూడు ఎట్టా బతుకుతున్నాడో."

శాంతయ్య కాళ్ళు వాటంతట అవి తొక్కుతున్నాయి. మూల, మూల. మొదట ఒళ్ళు మండింది. ఎవరో తన ఎర తినేసినట్టు మండింది. తను చీకట్లో మొన నూరుకుంటున్నన్ని నాళ్ళూ ఆమె అక్కడ, అందరి ఎదుటా, ఖాళీ చేతులతో నిలబడింది. తనేమో గోడ వైపు తిరిగాడు. మీ అన్న దగ్గరికే పో అన్నాడు, ఆమె నిజంగానే పోయింది, అన్న దగ్గరే ఉంది, అన్న మెడ మీద ఊపిరిలా ఉంది. దబ్బనం ఎంత చంపుతుంది? ఒక్కసారి. ఒక్క పోటు, కాస్త రక్తం, మిరపకాయల ఎరుపులో అది కూడా సరిగ్గా కనపడదు. ఆమె ఆదివారం ఆదివారం చంపుతోంది. చచ్చినవాణ్ణి సోమవారం లేపి మళ్ళీ ఆదివారానికి సిద్ధం చేస్తోంది. ఇప్పుడు తను పొడిచాడే అనుకో. బావ చస్తాడు. అందరూ అయ్యో అంటారు. చచ్చినవాడిది తప్పెంతైనా చంపినవాడిదే పాపమంటారు. పొడిచాడుగా, అప్పుడూ వీడే అయి ఉంటాడంటారు. బావ చెప్పిన అబద్ధాన్ని తన చేత్తో తనే నిజం చేసినట్టవుతుంది. బావను తీసుకుపోయి గోతిలో పెడతారు. కృపారావు వచ్చి ఆ నల్ల పుస్తకం తెరుస్తాడు, శవం మీద చదువుతాడు. అప్పుడు జయమణి లేవదు. శవం మీద తెరిచిన పుస్తకానికి ఎవరు లేస్తారు? ఆ పుస్తకం దగ్గరికి బావను మళ్ళీ చేర్చేది తన దబ్బనమే. శాంతయ్యకు చెక్క తెరుచుకున్న చప్పుడు గుర్తొచ్చింది. దబ్బున ఆగటం ఎంత తేలిక. ఆ చప్పుడు కోసం ఎదురుచూడటమే కష్టం. మొలలో దబ్బనం చర్మానికి గుచ్చుకుంటోంది, ఇంకా నన్ను తీయవా అన్నట్టు. మోకాళ్ళు బయటికి వచ్చాయి. పొద్దు మిరపకాయల మీద పడి కల్లమంతా భగ్గుమంది. ఇంకో గంప, ఇంకో గంప, ఇక బోరెం నెత్తి మీద ఉన్నాడు. అక్కణ్ణుంచి నందిగామ రోడ్డు, రోడ్డు మీద వరి గడ్డి బండ్లు, పందిరి కింద బసవయ్య పొట్ట, అన్నీ కనపడుతున్నాయి. అటు నుంచి పురికొస ఉండ చేత పట్టుకుని ఒక ముసలివాడు వస్తున్నాడు. బావ కోసం ఆ ముసలివాడి వెనక వెతికాడు శాంతయ్య. వెనక ఎవరూ లేరు. ఆ ముసలివాడే బావ.

ఆశీర్వాదం తల ఎత్తలేదు. వచ్చి బోరెం మూల బొటనవేలితో నొక్కాడు. రాయిలా ఉంది. రెండో మూల నొక్కాడు. వేలు అక్కడే ఆగింది. తర్వాత మూతి అంచులు దగ్గరికి లాగి వంగాడు. మెడ మీద మాంసం లేదు, ఎముకలు వరసగా, తాడు ముళ్ళలా ఉన్నాయి. శాంతయ్య చెయ్యి మొలలోకి పోయింది.

"మూలలు ముందు తొక్కేవాడు ఈ చుట్టుపక్కల ఇంకొక్కడే ఉండేవాడు," అన్నాడు ఆశీర్వాదం బోరెంతోనే. "వస్తావని తెలుసు. ఇంత ఆలస్యం చేస్తావనుకోలేదు."

దబ్బనం బయటికి వచ్చింది. ఎండకు మెరిసింది.

"కానియ్యి శాంతయ్యా," తలగుడ్డ పక్కకు తీసి మెడ ఇంకా వంచాడు. ఆ గొంతులో భయం లేదు. దాహం ఉంది. మండుటెండలో నడిచొచ్చినవాడు కడవ దగ్గర వంగినట్టు వంగాడు. "తొందరగా కానియ్యి. నీ కాళ్ళకు మొక్కుతా."

అప్పుడు తెలిసింది శాంతయ్యకు తన చేతిలో ఉన్నది ఏమిటో. ఇన్నాళ్ళూ ఎవరూ అతనికి ఇంత ఇవ్వలేదు. చావు అడుక్కునే మనిషి కాళ్ళ దగ్గర ఉన్నాడు, ఇవ్వటం మానటం తన ఇష్టం. కిందికి వంగి, బావ కుడిచెయ్యి పట్టుకున్నాడు, ఆ చెయ్యే. వేళ్ళు విప్పి దబ్బనం అందులో పెట్టాడు.

"కుట్టు బావా," అన్నాడు. "అది కూడా నీకు ఇవ్వను."

పందిరి కింద మంచం కిర్రుమంది. "ఎవడ్రా ఆశీర్వాదం, ఆ నెత్తిన నిలబడ్డోడు?" బసవయ్య చుట్ట నోట్లోంచి తీశాడు. "దిగడేంది? కొత్తమొహాలుంటే కబురు చెయ్యమని పోలీసులు చెప్పిపోయారు. నువ్వెరిగినోడేనా?"

తాలు ఏరే చేతులు ఆగాయి. అల్లాబక్షు కూడా తొక్కటం ఆపాడు. ఆశీర్వాదం దబ్బనం పట్టుకుని నిలబడ్డాడు. ఒక్క మాట నిజం చెబితే చాలు, శాంతయ్య మళ్ళీ ఆ కొయ్య దగ్గరికి పోతాడు. ఆ గొంతు మళ్ళీ వినపడింది, తొణక్కుండా, కోర్టులో వినపడినట్టే.

"నేనెరగనండీ. ఖమ్మం వైపు వాడంట."

శాంతయ్య బోరెం దిగుతూ బావ చెవి దగ్గర ఆగాడు. "బాగా చెప్పావు. ఈ మాట కూడా పుస్తకం మీద చెయ్యేసి చెబుతావా?"

ఆశీర్వాదం నోరు తెరిచాడు. అప్పుడే వరస చివర గాజులు గలగలమన్నాయి. అటు తిరిగి కూర్చున్న వీపు లేచింది. జయమణి ఇటు తిరిగి నిలబడింది. ముక్కుకు కట్టుకున్న గుడ్డ జారి మెడలో పడింది, ఘాటుకు కళ్ళు నీళ్ళు కారుతున్నా తుడుచుకోలేదు. అన్న వైపు చూస్తోంది. ఒక్కసారి, ఒక్కసారే, కొత్తవాడి ఎర్రబారిన మడమల వైపు చూసి, మళ్ళీ అన్న వైపు చూసింది.

"ఓసి నీ తల్లి కడుపు చల్లగుండ, ఇక్కడ పుస్తకమేది?" అంది లూర్దమ్మ. "ఎందుకు లేచావే?"

ఆశీర్వాదం పురికొస కొనను నోట తడిపి దబ్బనం కన్నులోకి ఎక్కించబోయాడు. ఎక్కలేదు. మళ్ళీ తడిపాడు. మళ్ళీ పక్కకు పోయింది. లూర్దమ్మ నడుం పట్టుకుని మెల్లగా లేచింది.

"బండి కదుల్తాంది, చూస్తా నిలబడ్డావేంది రత్తయ్యన్నా, ఎత్తు," అన్నాడు అల్లాబక్షు. శాంతయ్య, అప్పటికే కుట్టి ఉన్న ఒక బోరెం వీపు మీదికి ఎత్తించుకున్నాడు. బరువుకు నడుం వంగింది, మొహం నేలకు దగ్గరైంది, ఇక ఎవరికీ కనపడదు. బండి దాకా, రోడ్డు దాకా, ఆ తర్వాత ఎందాక పోతే అందాక. నిలబడు జయమణీ, అనుకున్నాడు. నేను దొరికే దాకా నిలబడు. దొరికి, నా బస్తా చప్పుడు అయిపోయాక కూడా, వాడు చచ్చే దాకా నిలబడు. నడుస్తూ వెనక్కి చెవి పెట్టాడు. కూర్చుంటే గాజులు మోగుతాయి. కల్లం గట్టు దాటాడు, రోడ్డు ఎక్కాడు, బోరెం బండిలోకి దించాడు. గాజులు మోగలేదు.